స్ఫటికాల ముగ్గు విప్పిన సూరి భగవంతం

పొద్దున్నే లేచి వంటింట్లోకి వెళ్లగానే మనం చేసే మొదటి పని గ్యాస్ తిప్పి లైటర్ నొక్కడం. టక్కుమంటుంది, రవ్వ పడుతుంది, పొయ్యి వెలుగుతుంది. ఆ లైటర్లో బ్యాటరీ లేదు, చెకుముకి రాయి లేదు. మరి రవ్వ ఎక్కణ్ణుంచి వచ్చింది? పక్కన పాలు పొంగిపోతుంటే ఇవన్నీ ఆలోచించే తీరిక ఎవరికుంటుంది లెండి!

లైటర్ లోపల పింగాణీ లాంటి చిన్న ముక్క ఒకటి ఉంటుంది. మనం నొక్కినప్పుడు స్ప్రింగుతో కూడిన బుల్లి సుత్తి దాన్ని ఒక్క దెబ్బ కొడుతుంది. ఆ దెబ్బకి ముక్కలో వేల వోల్టుల విద్యుత్తు పుట్టి, క్షణంలో రవ్వై రాలిపోతుంది. సీసం, జిర్కోనియం, టైటానియం ఉన్న పొడులు కలిపి కాల్చి చేసిన ముక్క అది. ఈ జిర్కోనియం, టైటానియం ఎక్కడో దూరదేశాల సొమ్ము అనుకోకండి. మన భీమిలి ఒడ్డున, శ్రీకాకుళం తీరాన నల్లగా మెరిసే ఇసుక చూశారు కదా, ఆ లోహాలున్న ఖనిజాలు అందులోనే ఉన్నాయి.

ఇక కొత్తవలసలో ఉండేవాళ్లకి ఇంకో దృశ్యం బాగా అలవాటు. కిరండూల్ రైలు దారి ఇక్కడే మెయిన్ లైనులో కలుస్తుంది. బైలదిల్లా గనుల ఎర్రటి ఇనుప రాయిని మోసుకుంటూ గూడ్సు బండ్లు విశాఖ వైపు సాగిపోతుంటాయి. 1960లలో ఈ లైను వేసిందే ఆ ఖనిజాన్ని జపానుకి పంపడం కోసం. రాయి అటు వెళ్లింది. కొన్నాళ్లకి ఆ జపాను నుంచే రేడియోలు, టేప్ రికార్డర్లు, చేతి గడియారాలు ఇటు వచ్చాయి. గేటు దగ్గర రిక్షాలో కూర్చుని గూడ్సు ఎప్పుడు దాటుతుందా అని ఎదురుచూసే ఇల్లాలు కూడా ఈ బేరంలో లాభం ఎవరిదో చటుక్కున చెప్పేస్తుంది. వడ్లు అమ్మేసి అన్నం కొనుక్కున్నట్టు కాదూ!

మట్టి మనది, వస్తువు పరాయివాళ్లది. ఈ రెంటికీ మధ్య ఉన్న దూరం పేరు చదువు. పదార్థం లోపల ఏముంది, అది ఎందుకు అలా ప్రవర్తిస్తుంది, దాన్ని ఎలా శుద్ధి చేయాలి అని తెలుసుకునే చదువు. ఆ చదువుకి తెలుగునాట పునాది వేసినవాళ్లలో ఒకరు సూరి భగవంతం గారు. ఆయన పేరు పెద్ద తరం వాళ్లకి గుర్తుండే ఉంటుంది. పిల్లలకి మాత్రం మనమే చెప్పాలి.

అగిరిపల్లి నుంచి కలకత్తాకి

భగవంతం గారు 1909 అక్టోబరు 14న కృష్ణా జిల్లా అగిరిపల్లిలో పుట్టారు. హైదరాబాదు నిజాం కాలేజీలో ఫిజిక్సు చదివి 1928లో బి.ఎస్సీ. పూర్తి చేశారు. ఆ సంవత్సరం ఎలాంటిదంటే, ఫిబ్రవరి 28న కలకత్తాలో సి.వి.రామన్ గారు తమ పేరుతో ప్రసిద్ధికెక్కిన కొత్త కాంతి ప్రభావాన్ని కనిపెట్టారు. దేశంలో ఫిజిక్సు చదివే ప్రతి కుర్రాడి చూపూ కలకత్తా మీదే.

పంతొమ్మిదేళ్లు కూడా నిండని భగవంతం రైలెక్కి కలకత్తా వెళ్లిపోయారు. బౌబజారు వీధిలోని ఇండియన్ అసోసియేషన్ ప్రయోగశాలలో రామన్ గారి దగ్గర చేరారు. అక్కడ హంగులేమీ లేవు. ఉన్న కొద్ది పరికరాలతోనే కాలక్షేపం. కానీ బుర్రకి పదును పెట్టే గురువు ఉన్నాడు. 1930లో రామన్ గారికి నోబెల్ బహుమతి వచ్చింది. మరుసటి ఏడాది గురుశిష్యులిద్దరూ కలిసి ఒక ప్రయోగం చేశారు. కాంతి చిన్న చిన్న కణాలుగా కూడా ప్రవర్తిస్తుంది కదా, ఆ కణానికి బొంగరంలాంటి ఆత్మభ్రమణం ఉందని చెదిరిన వెలుగుని కొలిచి చూపించారు. అప్పటికి భగవంతం వయసు ఇరవై రెండు లోపే!

వజ్రం మీద ఆయనకి మోజు మొదలైంది కూడా ఆ రోజుల్లోనే. మన మోజు వేరు, ఆయన మోజు వేరు లెండి. వజ్రంలోకి వెలుగు పంపితే అది ఎలా చెదిరి బయటికొస్తుందో 1930 నాటికే పరిశీలించి పరిశోధన వ్యాసం ప్రచురించారు.

వాల్తేరులో కొత్త బడి

1926లో మొదలైన ఆంధ్ర విశ్వవిద్యాలయం అప్పటికి వాల్తేరు చేరింది. వైస్ ఛాన్సలర్ సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు. జయపురం మహారాజా విక్రమదేవ వర్మ గారి విరాళంతో ఆయన పేరు మీదే సైన్సు కాలేజీ ఏర్పడింది. దానికి అధ్యాపకులు కావాలి. 1932లో భగవంతం గారు వాల్తేరు వచ్చి చేరారు.

కలకత్తా నుంచి వాల్తేరుకి రైలు దారి అప్పుడూ ఇప్పుడూ విజయనగరం, కొత్తవలసల మీదుగానే. కిటికీలోంచి అటు చూస్తే తాటిచెట్లు, ఇటు చూస్తే ఎర్ర దిబ్బలు. అంతవరకు ఈ ప్రాంతం పిల్లలు పై చదువుకి మద్రాసో కలకత్తానో పోవలసిందే. ఇప్పుడు గంటా గంటన్నర ప్రయాణంలో, సముద్రం ఒడ్డునే, పరిశోధన జరిగే చోటు వచ్చింది. దీని విలువ ఉత్తరాంధ్ర తల్లిదండ్రులకి తెలుసు. కొడుకుని దూరం పంపడానికే వెనకాడిన రోజులు. కూతురి సంగతి సరేసరి.

భగవంతం గారు చిన్న వయసులోనే ప్రొఫెసరై ఫిజిక్సు విభాగాన్ని నడిపించారు. కాంతి చెదరడం, రామన్ ప్రభావం గురించి ఆయన రాసిన ఇంగ్లీషు పుస్తకాన్ని 1940లో ఆంధ్ర విశ్వవిద్యాలయమే అచ్చు వేసింది. వాల్తేరులో అచ్చయిన ఫిజిక్సు పుస్తకం బయటి దేశాల పరిశోధకుల బల్లల మీదికి వెళ్లడమంటే ఆ రోజుల్లో మామూలు మాట కాదు.

ముగ్గులో ఉన్న లెక్క

ఆయనకి అసలు పేరు తెచ్చింది స్ఫటికాలు. స్ఫటికమంటే ఏమిటి? ఉప్పు కల్లు, పంచదార పలుకు, పటిక బెల్లం ముక్క, వజ్రం, అన్నీ స్ఫటికాలే. లోపల పరమాణువులు చుక్కల ముగ్గులా వరసల్లో అమరి ఉంటాయి.

సంక్రాంతికి వేసే ముగ్గునే తీసుకోండి. నాలుగు రేకల ముగ్గుని పావు వంతు తిప్పినా మళ్లీ అదే ముగ్గు కనిపిస్తుంది. ఆరు రేకల ముగ్గు ఆరోవంతు తిప్పితే చాలు. అలా ఎన్ని రకాలుగా తిప్పినా, అద్దంలో చూసినా మారకుండా ఉండే గుణాన్ని సౌష్ఠవం అంటారు. మొత్తం ముగ్గు కొలవక్కర్లేదు, ఒక్క రేక తెలిస్తే మిగతావి వాటంతటవే తెలిసిపోతాయి. మనకి చేతివేళ్లకి తెలిసిన ఈ సంగతికి గణితంలో పెద్ద శాస్త్రమే ఉంది. దాన్ని గ్రూపుల సిద్ధాంతం అంటారు.

భగవంతం గారు ఆ సిద్ధాంతాన్ని స్ఫటికాలకి ప్రయోగించారు. సౌష్ఠవం అతి తక్కువ ఉన్న స్ఫటికం నొక్కితే ఎలా నలుగుతుందో చెప్పాలంటే 21 అంకెలు కొలవాలి. వజ్రం లాంటి చక్కటి అమరిక ఉన్నదానికి 3 చాలు. ఏ స్ఫటికానికి ఏ గుణానికి ఎన్ని కొలతలు కావాలో కాగితం మీదే తేల్చేయవచ్చు. ప్రయోగశాలలో ఎంత శ్రమ, ఎంత డబ్బు ఆదా అవుతుందో ఊహించండి. పొదుపు తెలిసిన ఇల్లాలికి ఇది వేరే చెప్పాలా! గణితవేత్త టి.వెంకటరాయుడు గారితో కలిసి ఆయన ఈ విషయం మీద రాసిన పుస్తకం 1948లో వచ్చింది. అదీ ఆంధ్ర విశ్వవిద్యాలయం అచ్చు వేసిందే.

ఇప్పుడు లైటర్ సంగతికి వద్దాం. కొన్ని స్ఫటికాలని కొడితే విద్యుత్తు పుడుతుంది, కొన్నిట్లో పుట్టదు. ఎందుకని? నాలుగు రేకల ముగ్గులో ఒక రేకకి సరిగ్గా ఎదురుగా ఇంకో రేక ఉంటుంది. అదే మూడు రెక్కల సీలింగు ఫ్యానుని చూడండి. ఒక రెక్కకి ఎదురుగా ఉండేది ఖాళీ! ఉప్పు కల్లులో ప్రతి పరమాణువుకీ కేంద్రానికి అవతల జత ఉంటుంది. కొడితే రెండు పక్కలా సమానంగా కదిలి సర్దుకుంటాయి, విద్యుత్తు పుట్టదు. క్వార్ట్జ్ అనే పలుగు రాయి అమరిక ఫ్యాను రెక్కల తరహా. నొక్కితే ఒక పక్కకి ఒరుగు వచ్చి విద్యుత్తు తేలుతుంది. విద్యుత్తు ఇస్తే తిరిగి అదురుతుంది కూడా. గోడ గడియారంలో ఉన్న చిన్న క్వార్ట్జ్ ముక్క సెకనుకి 32,768 సార్లు అదురుతూ మనకి టైము చెబుతోంది.

వజ్రానికి పరీక్ష

1942 ఏప్రిల్ 6న విశాఖ మీద జపాను బాంబులు పడ్డాయి. ఊళ్లు ఖాళీ అయ్యాయి. జనం మూటాముల్లె సర్దుకుని పల్లెలకి పరుగెత్తారు. ఆ కథలు మన అమ్మమ్మలు చెప్పగా విన్నవాళ్లం ఇంకా ఉన్నాం. విశ్వవిద్యాలయం కూడా గుంటూరుకి తరలిపోయింది. యుద్ధం ముగిసి 1946లో తిరిగొచ్చేదాకా పరాయి చోట సర్దుబాటు కాపురమే.

అద్దె ఇల్లు మారితేనే నెల రోజుల పాటు గరిట దొరకదు మనకి. అలాంటిది ఒక ప్రయోగశాల మారడమంటే! అయినా పని ఆగలేదు. ఒత్తిడి పెడితే స్ఫటికంలో కాంతి దారి ఎలా మారుతుందో జర్మన్ శాస్త్రవేత్త పోకెల్స్ చేసిన పట్టికలు ప్రపంచమంతా వాడుతోంది. వాటిలో కొన్ని రకాల స్ఫటికాల విషయంలో పొరపాటు ఉందని భగవంతం గారు 1942లో లెక్క కట్టి చూపించారు. 1944లో శిష్యుడు భీమసేనాచార్ గారితో కలిసి స్ఫటికాల గట్టిదనం కొలవడానికి కొత్త పద్ధతి ప్రకటించారు. పలచటి, ఏటవాలుగా అరగదీసిన స్ఫటికపు ముక్కకి విద్యుత్తు ఇచ్చి, మన చెవికి వినపడని శబ్దం పుట్టించి, దాన్ని పరీక్షించే రాయిలోకి పంపుతారు. అది ఎంత వేగంగా పోతుందో చూసి రాయి ఎంత గట్టిదో చెబుతారు. కడవ కొనేటప్పుడు వేలితో కొట్టి చూడమూ? అలాగే అన్నమాట.

ఈ పద్ధతితోనే వాళ్లు వజ్రాన్ని కొలిచారు. వజ్రం అన్నిటికంటే గట్టిదని అందరికీ తెలుసు. ఎంత గట్టిదో అంకెల్లో చెప్పిన తొలి కొలతల్లో ఇదొకటి. ముక్కుపుడకలో మెరిసే రాయి వెనక ఒక తెలుగు ప్రయోగశాల కష్టం ఇంత ఉంది.

బల్ల నుంచి కుర్చీకి

స్వాతంత్ర్యం వచ్చాక ఆయన జీవితం మలుపు తిరిగింది. 1948లో భారత ప్రభుత్వ శాస్త్ర ప్రతినిధిగా లండన్ వెళ్లారు. తిరిగొచ్చి హైదరాబాదు ఉస్మానియా విశ్వవిద్యాలయంలో ఫిజిక్సు విభాగం చేపట్టారు. 1952 నుంచి 1957 దాకా అక్కడే వైస్ ఛాన్సలర్. నిజాం కాలేజీ కుర్రాడు పాతికేళ్లు తిరక్కుండానే అదే ఊళ్లో విశ్వవిద్యాలయానికి పెద్దయ్యారు. 1957లో బెంగుళూరు ఇండియన్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సైన్స్ డైరెక్టర్ అయ్యారు. ఒకప్పుడు గురువు రామన్ గారు కూర్చున్న కుర్చీ అది.

ఆ సంస్థ గురించి ఆడవాళ్లం మరిచిపోకూడని ముచ్చట ఒకటుంది. 1933లో కమలా సొహోనీ అనే అమ్మాయి పరిశోధనకి దరఖాస్తు పెడితే రామన్ గారు మొదట కాదన్నారు. ఆమె పట్టు విడవకపోతే షరతులు పెట్టి చేర్చుకున్నారు. ఆమె 1939లో కేంబ్రిడ్జిలో డాక్టరేట్ తెచ్చుకుంది. భగవంతం గారు డైరెక్టరుగా వచ్చేనాటికి అదే సంస్థలో రాజేశ్వరీ ఛటర్జీ గారు ఇంజినీరింగు పాఠాలు చెబుతున్నారు. అమెరికాలో డాక్టరేట్ చేసి 1953లో తిరిగొచ్చిన ఆమె రాడార్లకి పనికొచ్చే మైక్రోవేవ్ విద్యలో దిట్ట. పాతికేళ్లలో గడప ఎంత తగ్గిందో చూడండి. అది ఎవరో దయతలచి తగ్గించింది కాదు. మొదటి అమ్మాయి నిలబడి అడిగింది కాబట్టి తగ్గింది.

భగవంతం గారి మాటకొస్తే, ముప్పై తొమ్మిదేళ్ల వయసు దాకా ప్రయోగం బల్ల ముందు గడిపిన మనిషి తరవాతి ఇరవై ఏళ్లూ ఎక్కువగా ఆఫీసు బల్ల వెనకే గడిపారు. పైకి చూస్తే పదవులే. లోపల జరిగిన నష్టం కూడా తక్కువది కాదు. వంట బాగా వచ్చినవాళ్లని పెళ్లి పందిట్లో వడ్డనల పెత్తనానికి పెడితే, వందలమంది తృప్తిగా తింటారు. కానీ ఆ చేతి వంట ఆ రోజుకి లేనట్టే. దేశానికి అప్పుడు ఒక మంచి వంటవాడి కంటే వంటశాలలు కట్టేవాడు అవసరమయ్యాడు.

1962 నేర్పిన పాఠం

1961లో ఆయన రక్షణ మంత్రికి శాస్త్ర సలహాదారు అయ్యారు. దేశ రక్షణ పరిశోధనకంతటికీ ఆయనే పెద్ద. మరుసటి ఏడాదే చైనాతో యుద్ధం. మంచుకొండల్లో మన జవాన్లకి ఆయుధాలే కాదు, ఒకరి మాట ఒకరికి చేరవేసే సాధనాలు కూడా సరిపోలేదని తేలింది. ఎలక్ట్రానిక్ సరంజామాలో చాలా భాగం బయటి నుంచి రావలసిందే. ఇనుప రాయి మనదగ్గర కొండలకి కొండలు ఉండి ఏం లాభం?

ఆయన హయాంలోనే ఢిల్లీలో ఘనస్థితి భౌతిక ప్రయోగశాల ఏర్పడింది. ట్రాన్సిస్టర్ల వంటివాటికి కావలసిన అర్ధవాహక పదార్థాలు, స్ఫటికాల పని అక్కడిది. హైదరాబాదులో 1963లో రక్షణ లోహ పరిశోధనశాల వచ్చింది. రక్షణ ఎలక్ట్రానిక్స్ ప్రయోగశాల, క్షిపణుల ప్రయోగశాల కూడా ఆ కాలంలోనే హైదరాబాదులో స్థిరపడ్డాయి. ఇవాళ ఆ ఊరికి ఇంత పేరుందంటే బీజాలు అప్పటివే.

1963 ఆగస్టులో కేంద్రప్రభుత్వం ఎలక్ట్రానిక్స్ మీద ఒక సంఘం వేసింది. అధ్యక్షుడు హోమీ భాభా. సభ్యులు ముగ్గురు: భగవంతం, విక్రమ్ సారాభాయ్, ఎ.ఎస్.రావు. నలుగురిలో ఇద్దరు తెలుగువాళ్లు! ఈ ఎ.ఎస్.రావు గారే 1967లో హైదరాబాదులో ఇ.సి.ఐ.ఎల్. స్థాపించారు. తరవాత మన ఇళ్లలో ఇ.సి. టీవీలుగా వెలిసినవి ఆ సంస్థవే. రేడియో బిగించడం నేర్చుకుంటే చాలదు, అందులో వాడే విడిభాగాలు, ఆ భాగాలకి కావలసిన పదార్థాలు కూడా ఇక్కడే తయారవ్వాలన్నది ఆ సంఘం చూపిన దారి.

నివేదిక 1966లో వెలువడింది. ఆ జనవరి 24న భాభా గారు విమాన ప్రమాదంలో కన్నుమూశారు. అదే ఏడాది భగవంతం గారి పుస్తకం ఇంకొకటి బయటికొచ్చింది. స్ఫటికాల సౌష్ఠవం, వాటి గుణాల మీద. ఫైళ్లు, మీటింగులు, ఢిల్లీ ప్రయాణాల మధ్య కూడా ఆయన తన పాత ముగ్గుని వదల్లేదన్నమాట! ఇల్లు, పిల్లలు, ఉద్యోగం మధ్య ఒక వీణనో ఒక కుట్టు పనినో వదలకుండా కాపాడుకునే మనలాంటివాళ్లకి ఈ సంగతి బాగా తెలుస్తుంది.

ఆయన చూడని సంస్థ

1969లో ఆయన రక్షణ సలహాదారు పదవి నుంచి తప్పుకున్నారు. 1970లో కేంద్రంలో ఎలక్ట్రానిక్స్ శాఖ విడిగా ఏర్పడింది. చివరి రోజుల్లో ఆయన సత్యసాయి బాబా ప్రసంగాలని ఇంగ్లీషులోకి అనువదించేవారు. 1989 ఫిబ్రవరి 6న కన్నుమూశారు. సరిగ్గా ఆ నెలలోనే పంజాబులోని మొహాలీలో దేశానికి చిప్పులు తయారుచేసే సెమీకండక్టర్ కాంప్లెక్స్ అగ్నిప్రమాదంలో కాలిపోయింది. తిరిగి కోలుకోవడానికి ఏళ్లు పట్టింది.

ఆ మరుసటి ఏడాది, 1990లో, ఎలక్ట్రానిక్స్ శాఖ కింద ఒక ప్రత్యేక సంస్థ పుట్టింది. పేరు సీ-మెట్. పనల్లా ఎలక్ట్రానిక్స్‌కి కావలసిన పదార్థాలు రూపొందించడమే. పూణే, త్రిసూర్‌లతో పాటు హైదరాబాదు చర్లపల్లిలో దాని ప్రయోగశాల ఉంది. హైదరాబాదులో ముఖ్యమైన పని శుద్ధి.

శుద్ధి అంటే బియ్యంలో రాళ్లేరడమే, కానీ లెక్క చూడండి. గాలియం, టెలూరియం లాంటి వాటిలో 99.99999 శాతం శుద్ధి కావాలి. అంటే కోటి గింజల్లో ఒక్క రాయి మించకూడదు! దానికో పద్ధతి ఉంది. పుల్ల ఐసు గడ్డకట్టేటప్పుడు రంగూ తీపీ మధ్యలోకి చేరడం చూశారా? గడ్డకట్టేది మలినాన్ని పక్కకి నెట్టేస్తుంది. లోహపు కడ్డీని ఒక చివరి నుంచి కొంచెం కొంచెం కరిగిస్తూ, గడ్డకట్టిస్తూ పోతే మలినం రెండో చివరకి చేరుతుంది. ఆ చివర కోసేస్తారు. మళ్లీ మొదలు. ఓపిక ఉండాలి.

భీమిలి ఇసుకలో ఉండే జిర్కోనియాన్ని అంటిపెట్టుకుని హాఫ్నియం అనే లోహం ఉంటుంది. కవలల్లాంటి ఆ రెంటినీ విడదీయడం చాలా కష్టం. రాకెట్లకి పనికొచ్చే ఆ హాఫ్నియాన్ని సీ-మెట్ తయారు చేసింది. 2007 నుంచి దాని ఆక్సైడుని కంప్యూటర్ చిప్పుల్లో కూడా వాడుతున్నారు. పాత సెల్‌ఫోన్లు, కంప్యూటర్ల పలకల నుంచి బంగారం, వెండి, రాగి వెనక్కి తీసే పద్ధతులు కూడా ఈ సంస్థ రూపొందించింది. అందుకే బీరువా మూల పడేసిన పాత ఫోనుని చెత్తలో పారేయకండి, కాల్చనివ్వకండి. అనుమతి ఉన్న సేకరణ కేంద్రానికి ఇవ్వండి. అదీ ఒక చిన్న గనే.

కొత్తవలస గేటు ఇవాళ పడినా ఎర్ర రాయి బండి దాటుతూనే ఉంటుంది. పక్కన కూర్చున్న అమ్మాయి అందులో ఏముందమ్మా అని అడిగితే ఇనుప రాయి అని ఊరుకోకండి. ఆ రాయి వస్తువయ్యేదాకా మధ్యలో ఎంత చదువు ఉందో చెప్పండి. ఆ చదువుకి దారి వేసిన అగిరిపల్లి కుర్రాడి కథ చెప్పండి. ఇంటికెళ్లాక సంక్రాంతి ముగ్గు ఒకటి వేయించి, పావు వంతు తిప్పి చూడమనండి. ఫిజిక్సు మగపిల్లల చదువని ఆ తరవాత ఎవరైనా అంటే, ఆ ముగ్గు వేసిన పిల్లే వాళ్లకి జవాబు చెబుతుంది.